ఆదికాండంలో లేని అబ్రాహాము కథ: మిద్రాష్ ఎలా పుడుతుంది?

అబ్రాహాము చిన్ననాటి కథ ఒకటి చాలామంది విని ఉంటారు. తండ్రి తెరహు విగ్రహాలు చేసి అమ్మేవాడు. ఒకరోజు కొడుకును అంగట్లో కూర్చోబెట్టి పనిమీద వెళ్లాడు. కొనడానికి వచ్చిన పెద్దమనిషిని అబ్రాహాము "మీ వయసెంత?" అని అడిగాడు. అరవై అన్నాడాయన. "అరవై ఏళ్లొచ్చి, పుట్టి ఒక్కరోజైన బొమ్మకు మొక్కుతారా?" ఆయన తలదించుకుని వెళ్లిపోయాడు. తర్వాత ఒకావిడ పళ్లెంలో పిండి తెచ్చి, దేవుళ్ల ముందు పెట్టమంది. అబ్రాహాము కర్ర పుచ్చుకుని విగ్రహాలన్నిటినీ పగలగొట్టి, ఆ కర్రను అన్నిటికన్నా పెద్దదాని చేతిలో పెట్టాడు. తెరహు తిరిగొచ్చి ఇదేమిట్రా అంటే, "నేను ముందు తింటానంటే నేను ముందని కొట్టుకున్నాయి నాన్నా. పెద్దది లేచి మిగతావాటిని చితగ్గొట్టింది" అన్నాడు. "ఏం, ఆటలాడుతున్నావా? వాటికేం తెలుస్తుంది?" "నీ నోరు అన్నమాట నీ చెవికి వినపడిందా నాన్నా?"

ఇప్పుడు ఆదికాండం తీసి చూస్తే ఈ కథ దొరకదు. 11వ అధ్యాయం చివర అబ్రాహాము పుట్టుక, పెళ్లి, ప్రయాణం గురించి కొద్ది వచనాలున్నాయి, అంతే. దేవుడి పిలుపు విని హారాను పట్టణం నుంచి బయల్దేరేనాటికి ఆయనకు 75 ఏళ్లు. అప్పటిదాకా ఏం చేశాడో గ్రంథం చెప్పదు. విగ్రహాల కథ ఉన్నది 'బెరేషీత్ రబ్బా' అనే యూదుల సంకలనంలో. రోమన్ పాలనలోని పాలస్తీనాలో, క్రీ.శ. 5వ శతాబ్దం ప్రాంతంలో దాన్ని కూర్చారు.

ఇలాంటి కథలు ఈమధ్య యూట్యూబ్ ప్రసంగాల్లో తరచు వినిపిస్తున్నాయి. "యూదుల గ్రంథాల్లో ఇలా ఉంది" అని ఒకరు, బైబిల్ దాచిన రహస్యమేదో బయటపెట్టినట్టు చెబుతారు. "బైబిల్లో లేదు కాబట్టి కట్టుకథ" అని ఇంకొకరు కొట్టిపారేస్తారు. ఇద్దరూ కథనే చూస్తున్నారు. అది ఏ వచనంలోని ఏ మాట దగ్గర మొలిచిందో చూడటం లేదు.

## ఒకే మాటకు మూడు వాడుకలు

మిద్రాష్ అనే హీబ్రూ మాటకు మూలం 'దరష్', అంటే వెతకడం, ఆరా తీయడం. వచనాన్ని ఆరా తీస్తూ చదివే పద్ధతి మిద్రాష్. ఆ పద్ధతిలో ఒక వచనానికి చెప్పిన వ్యాఖ్య కూడా మిద్రాషే. అలాంటి వ్యాఖ్యలను కూర్చిన పుస్తకమూ మిద్రాషే. అందుకే "మిద్రాష్‌లో ఉంది" అంటే ఏమీ చెప్పనట్టే. ఏ పుస్తకం, ఏ కాలం అన్నది తేలాలి. నిర్గమకాండంపై 'మెఖిల్తా', లేవీయకాండంపై 'సిఫ్రా', సంఖ్యాకాండం, ద్వితీయోపదేశకాండాలపై 'సిఫ్రే' తొలినాటివి, 3వ శతాబ్దం ప్రాంతానివి. 'పిర్‌కే ద రబ్బీ ఎలీయెజెర్' 8వ శతాబ్దం ప్రాంతానిది. వీటి మధ్య అయిదారు తరాలు కాదు, అయిదు వందల ఏళ్లున్నాయి.

చెప్పినవాళ్లు రబ్బీలు, అంటే గురువులు. క్రీ.శ. 70లో రోమన్లు యెరూషలేము ఆలయాన్ని నేలమట్టం చేశారు. బలులు ఆగిపోయాయి, యాజకులకు పని లేకుండా పోయింది. చేతిలో మిగిలింది గ్రంథం ఒక్కటే. దాన్ని చదివి చెప్పగలవాళ్లే సమాజానికి దిక్కయ్యారు.

విషయాన్ని బట్టి మిద్రాష్ రెండు పాయలు. ఎలా నడుచుకోవాలో తేల్చేది 'హలఖా'. కథ, ఉపమానం, నీతి, ఓదార్పు వంటివన్నీ 'అగ్గదా'. రబ్బీల చర్చల సంకలనమైన తాల్ముదులో ఈ రెండూ కనిపిస్తాయి కానీ దాని నడక వేరు. క్రీ.శ. 200 ప్రాంతంలో కుదురుకున్న 'మిష్నా' అనే ధర్మసంహిత వెంట తాల్ముదు సాగుతుంది. మిద్రాష్ పుస్తకాలు బైబిల్ వెంట నడుస్తాయి.

వీటన్నిటి వెనకా ఒక నమ్మకం ఉంది. గ్రంథం దేవుడిచ్చింది, అందులో ఏ మాటా ఊరికే పడలేదు. ఒక మాట రెండుసార్లు వచ్చినా, రావాల్సిన మాట రాకపోయినా, ఏకవచనం ఉండాల్సిన చోట బహువచనం ఉన్నా అది పొరపాటు కాదు, పిలుపు. అనువాదంలో ఈ గతుకులు చదునైపోతాయి. అప్పుడు మిద్రాష్ గాల్లోంచి ఊడిపడినట్టు కనిపిస్తుంది.

## కయీను తమ్ముడితో ఏమన్నాడు?

ఆదికాండం 4:8 తెలుగులో ఇలా ఉంది: "కయీను తన తమ్ముడైన హేబెలుతో మాటలాడెను. వారు పొలములో ఉన్నప్పుడు" కయీను అతని మీద పడి చంపాడు. చదువుతుంటే ఎక్కడా అడ్డు తగలదు. హీబ్రూలో మాత్రం అక్కడున్నది 'మాట్లాడాడు' కాదు, 'అన్నాడు'. 'వయ్యోమెర్' అనే ఆ క్రియ తర్వాత ఏమన్నాడో రావాలి. రాదు. వాక్యం అక్కడే తెగిపోయి, మరుక్షణంలో అన్నదమ్ములిద్దరూ పొలంలో ఉంటారు. పాత గ్రీకు అనువాదం "పొలానికి వెళ్దాం పద" అని అతికించింది. తెలుగులో క్రియ మారి, గతుకు పూడిపోయింది. రబ్బీలు పూడ్చకుండా అందులోకి దిగారు.

వాళ్లు లోకాన్ని పంచుకున్నారని బెరేషీత్ రబ్బాలో ఒక జవాబు. ఒకడికి భూమి, ఇంకొకడికి చరాస్తి. పంచుకున్నాక ఒకడన్నాడట, "నువ్వు నిలబడ్డ నేల నాది. గాల్లో ఎగురు!" రెండోవాడు, "నువ్వు కట్టుకున్న బట్ట నాది. విప్పు!" గట్టు తగాదాలు చూసిన ఊళ్లవాళ్లకు ఈ సంభాషణ కొత్తగా ఉండదు.

సిఖ్నీన్ ఊరి యెహోషువ తన గురువు లేవీ పేరు మీద చెప్పింది ఇంకోటి. భూమీ చరాస్తీ ఇద్దరూ సగంసగం తీసుకున్నారు. అసలు గొడవ దేవాలయం ఎవరి వాటాలో కట్టాలన్నది. ఆదాము కొడుకుల కాలంలో ఆలయం ఎక్కడిది అనిపిస్తుంది. ఆధారం 'పొలం' అన్న మాట. మీకా 3:12లో "సీయోను పొలంలా దున్నబడుతుంది" అని ఉంది కాబట్టి, 'పొలంలో ఉన్నప్పుడు' అంటే 'ఆలయ స్థలం గురించి వాదులాడుకుంటున్నప్పుడు'. కూలిపోయిన ఆలయాన్ని తలుచుకుని కుమిలేవాళ్ల చెవికి పొలం అనగానే ఆ వచనమే వినపడి ఉంటుంది.

మూడో జవాబు ఆడదాని కోసమన్నది. హేబెలుతో పాటు ఒక అదనపు కవల ఆడపిల్ల పుట్టింది. "పెద్దవాణ్ని, నాకే" అన్నాడు కయీను. "నాతో పుట్టింది, నాకే" అన్నాడు హేబెలు.

ఆస్తి, మతం, స్త్రీ. మొదటి హత్యకు కారణం అడిగితే లోకంలోని హత్యల జాబితా ముందు పెట్టారు. ఏది సరైనదో పుస్తకం తేల్చలేదు. ఒక వ్యాఖ్య పక్కన ఇంకో వ్యాఖ్య చేర్చేటప్పుడు వీళ్లు వాడే మాట 'దవార్ అహెర్', అంటే 'ఇంకో మాట'. ముందు చెప్పింది తప్పని కాదు, ఇదీ ఉందని. సుత్తి దెబ్బకు బండ ముక్కలైనట్టు ఒక వచనం అనేక అర్థాలుగా విడిపోతుందని, యిర్మీయా 23:29ని పట్టుకుని తాల్ముదు అంటుంది.

రెండు వచనాల తర్వాత ఇంకో గతుకు. "నీ తమ్ముని రక్తముయొక్క స్వరము" అని తెలుగులో ఉన్నచోట హీబ్రూలో 'దెమే', అంటే 'రక్తాలు'. మరణశిక్ష పడే కేసుల్లో సాక్షులను హెచ్చరించేటప్పుడు మిష్నా ఈ బహువచనాన్ని వాడుకుంది. పోయింది ఒక్కడి రక్తం కాదు, అతనికి పుట్టబోయి పుట్టకుండా పోయిన సంతానం రక్తం కూడా. అందుకే ఒక ప్రాణం తీసినవాడు లోకమంతటినీ నాశనం చేసినవాడితో సమానం. కొన్ని ప్రతుల్లో 'ఇశ్రాయేలులో ఒక ప్రాణం' అని ఉంది, కొన్నిట్లో ఆ పరిమితి లేదు. ఖురాన్ 5:32లోనూ ఈ మాట ఉంది, అదీ ఆదాము ఇద్దరు కొడుకుల కథ చెప్పిన వెంటనే.

## కడుపులో గట్లు ఉంటాయా?

ఆదికాండం 22వ అధ్యాయంలో దేవుడు అబ్రాహామును కొడుకును బలివ్వమంటాడు. హీబ్రూలో మాటల వరుస ఇది: నీ కొడుకును, నీ ఒక్కగానొక్కణ్ని, నువ్వు ప్రేమించేవాణ్ని, ఇస్సాకును. పేరు ఒక్కటి చెబితే చాలదా? ఇన్ని మాటలెందుకు?

రబ్బీలు ఇందులో సగమే వినిపిస్తున్న సంభాషణను విన్నారు, ఫోన్లో ఒకవైపు మాటలే విన్నట్టు.

"నీ కొడుకును తీసుకో."
"ఇద్దరున్నారు. ఏ కొడుకును?"
"నీ ఒక్కగానొక్కణ్ని."
"వాడు వాళ్లమ్మకు ఒక్కడే, వీడు వీళ్లమ్మకు ఒక్కడే."
"నువ్వు ప్రేమించేవాణ్ని."
"కడుపులో గట్లు ఉంటాయా? ఇద్దరూ ఇష్టమే."
"ఇస్సాకును."

ఆ గట్ల మాట నా అలంకారం కాదు, 'పేగుల్లో సరిహద్దులుంటాయా' అనే మూలంలోనూ ఉంది. ఇక్కడ మిద్రాష్ కొత్త సంఘటన కల్పించలేదు. ఉన్న మాటల మధ్య తండ్రి గొంతును నిలబెట్టింది, అంతే. ఇంట్లోంచి గెంటేసిన పెద్దకొడుకు ఇష్మాయేలు కూడా ఆ గొంతులోకి తిరిగొచ్చాడు. తెలుగు అనువాదంలో "నీకు ఒక్కడైయున్న నీ కుమారుని" అని వరుస తిరగబడింది. మెట్లు కనపడవు.

## అబ్రాహాము కథకు ముడి ఎక్కడ?

మళ్లీ విగ్రహాల అంగడికి. తెరహు కొడుకును తీసుకెళ్లి నిమ్రోదు రాజుకు అప్పగించాడు. రాజు అగ్నికి మొక్కమన్నాడు. దాన్ని ఆర్పే నీళ్లకు మొక్కొచ్చుగా అన్నాడు అబ్రాహాము. సరే, నీళ్లకు మొక్కు. నీళ్లు మోసే మబ్బు? మబ్బును చెదరగొట్టే గాలి? గాలిని ఓర్చుకునే మనిషి? పంచతంత్రంలో ఎలుకపిల్ల పెళ్లి గుర్తొస్తే మీ తప్పు కాదు. రాజుకు విసుగొచ్చి అతన్ని మంటల్లోకి తోయించాడు. పక్కన తమ్ముడు హారాను లెక్క వేసుకుంటున్నాడు: అన్న గెలిస్తే అన్నపక్షం, రాజు గెలిస్తే రాజుపక్షం. అబ్రాహాము కాలకుండా బయటికొచ్చాడు. "నువ్వెటు?" అని అడిగితే అన్నవైపే అన్నాడు హారాను. అతన్నీ తోశారు. కాలిపోయాడు, తండ్రి కళ్లముందే.

ఆ చివరి మాటే ముడి. ఆదికాండం 11:28లో హారాను "తండ్రి తెరహు ముఖం ఎదుట" చనిపోయాడని ఉంది. ఎక్కడ? 'కల్దీయుల ఊర్'లో. ఊర్ ఒక నగరం పేరు. తెలుగువాళ్లకు అది మన ఊరులా వినపడినట్టే, హీబ్రూ చెవికి మంటలా వినపడుతుంది, ఎందుకంటే ఆ భాషలో 'ఊర్' అంటే మంట అని కూడా అర్థం. 15:7లో దేవుడు "నిన్ను కల్దీయుల ఊర్ నుంచి తెచ్చాను" అంటాడు. మంటలోంచి తెచ్చాను! తండ్రి ఎదుట కొడుకు ఎందుకు చచ్చాడు, దేవుడు అబ్రాహామును ఏ మంటలోంచి లాగాడు అనే రెండు ప్రశ్నల మధ్య కట్టిన వంతెన ఈ కథ. ఖురాన్ 21వ సూరాలోనూ ఇబ్రాహీం పెద్ద విగ్రహాన్ని మాత్రం వదిలి మిగతావి పగలగొట్టడం, మంట చల్లబడటం ఉన్నాయి. ఏ ఒక్క పుస్తకం సొత్తూ కాకుండా అప్పటికే నోళ్లలో తిరుగుతున్న కథ అన్నమాట.

## కంటికి కన్ను అంటే డబ్బా?

చట్టం దగ్గర ఇదే పద్ధతి ఇంకా బిగుస్తుంది. నిర్గమకాండం 21:24 "కంటికి కన్ను" అంటుంది. రబ్బీల తీర్పు: కన్ను పీకకూడదు, నష్టపరిహారం కట్టించాలి. ఎలా?

సంఖ్యాకాండం 35:31లో హంతకుడి ప్రాణానికి బదులు డబ్బు తీసుకోకూడదని ఉంది. ప్రాణానికి తీసుకోకూడదని ప్రత్యేకంగా చెప్పారంటే, అవయవాలకు తీసుకోవచ్చనేగా. ఇంకో వాదం: గుడ్డివాడు ఒకరి కన్ను పొడిస్తే, వాడి దగ్గర పీకడానికేముంది? చట్టం అందరికీ ఒకటే కావాలి. తాల్ముదు ఇలాంటి వాదాలు ఒకదాని తర్వాత ఒకటి తెస్తుంది, వాటిలో కొన్నిటిని తానే కొట్టేస్తుంది. రబ్బీ ఎలీయెజెర్ మాత్రం "కన్ను అంటే అచ్చంగా కన్నే" అన్నాడని రాసుకుని, ఆయన మాటకు వేరే అర్థం చెప్పి సర్దుతుంది.

ఇక్కడే పండితుల మధ్య పాత తగవు. వచనాన్ని తరచి ఈ చట్టాన్ని పుట్టించారా? లేక డబ్బు కట్టించడం అప్పటికే ఆచారంలో ఉంటే దానికి వచనంలో ఊతం వెతికారా? 12వ శతాబ్దపు యూదు పండితుడు మైమొనిదీస్ తన ధర్మశాస్త్రంలో రెండో వైపు నిలిచాడు: ఇది మోషే నుంచి వచ్చిన సంప్రదాయం, న్యాయస్థానాలు ఎప్పుడూ ఇలాగే తీర్పిచ్చాయి. తాల్ముదు వాదాల పొడవు చూస్తే నాకు మొదటి అనుమానం పూర్తిగా పోదు. తెలిసిందే అయితే అంత చెమటోడ్చడమెందుకు?

పద్ధతికి నియమాలు లేకపోలేదు. హిల్లేల్ పేరున ఏడు, రబ్బీ ఇష్మాయేలు పేరున పదమూడు ఉన్నాయి. ఆ పదమూడింటిని యూదులు ఉదయ ప్రార్థనలో ఇప్పటికీ చదువుతారు. మొదటిది 'కల్ వహోమెర్', మన శాస్త్రాల్లోని కైముతిక న్యాయమే. యోసేపు అన్నలు అన్నట్టు: మా గోనెల్లో దొరికిన డబ్బునే కనాను నుంచి వెనక్కి తెచ్చి ఇచ్చాం, ఇక మీ దొర ఇంట్లో వెండి దొంగిలిస్తామా?

## మోషేకు అర్థం కాని పాఠం

నియమాలున్నా ఎంత దూరం వెళ్లొచ్చన్నది తేలలేదు. 2వ శతాబ్దపు రబ్బీ ఇష్మాయేలు "తోరా మనుషుల భాషలోనే మాట్లాడింది" అనేవాడు. తోరా అంటే బైబిల్లోని మొదటి అయిదు గ్రంథాలు. మనుషులు ఒక మాటను నొక్కి చెప్పడానికి రెండుసార్లు అంటారు, ప్రతి పునరుక్తిలోంచీ చట్టం పిండక్కర్లేదు. ఆయన సమకాలికుడు అకీవా ఒప్పుకోడు. అర్థం లేని విభక్తి ముక్కలోనూ ఆయనకు అర్థం ఉంది.

తాల్ముదులో దీనిమీద ఒక కథ ఉంది. దేవుడు అక్షరాల తలమీద చిన్న కిరీటాలు కడుతుంటే మోషే చూసి ఎందుకని అడిగాడు. చాలా తరాల తర్వాత అకీవా అనేవాడు పుట్టి, ఈ ములుకుల్లోంచి కుప్పలకొద్దీ చట్టాలు తీస్తాడన్నాడు దేవుడు. మోషే వెళ్లి అకీవా తరగతిలో ఎనిమిదో వరస చివర కూర్చున్నాడు. ఒక్క ముక్క అర్థం కాలేదు. నీరసం వచ్చింది. అంతలో ఒక శిష్యుడు "ఇది మీకెలా తెలుసు?" అని అడిగితే, "సీనాయి మీద మోషేకు ఇచ్చిన చట్టం" అన్నాడు అకీవా. మోషే మనసు కుదుటపడింది. అకీవాను పొగిడారా, ఎత్తిపొడిచారా? రెండూ చేశారనే నాకనిపిస్తుంది.

## ఇవన్నీ జరిగాయని నమ్మారా?

ఈ ప్రశ్నకు యూదుల్లోనే ఒక్క జవాబు లేదు. మైమొనిదీస్ చదివేవాళ్లను మూడు గుంపులు చేశాడు. అగ్గదాను అక్షరాలా నమ్మేవాళ్లు ఎక్కువమంది. వాళ్లు గౌరవిస్తున్నామనుకుని పండితుల పరువు తీస్తున్నారన్నాడు. అక్షరాలా తీసుకుని నవ్వేవాళ్లు రెండో గుంపు. లోపల వేరే అర్థం ఉందని గ్రహించేవాళ్లు వేళ్ల మీద లెక్కపెట్టేంతమంది.

1263లో బార్సిలోనాలో రాజు ఎదుట ఒక బహిరంగ వాదం జరిగింది. ఆలయం కూలిన రోజే మెస్సీయ పుట్టాడని ఒక అగ్గదాలో ఉంది. క్రైస్తవ మతం తీసుకున్న పాబ్లో క్రిస్తియాని దాన్ని యూదుల మీదికే ఎక్కుపెట్టాడు. యూదుల తరఫున నిలబడ్డ నహ్మనిదీస్, ఇవి మీ బిషప్ చెప్పే ప్రసంగాల్లాంటివన్నాడు. ఎవరో విని బాగుందని రాసుకున్నారు. నమ్మితే మంచిదే, నమ్మకపోతే నష్టం లేదు. అది ఆయన మనసులో మాటా, వాదంలో తప్పించుకునే ఎత్తా అన్నది ఇంకా తెగలేదు. ఆయన సొంత వ్యాఖ్యానం తిరగేస్తే మిద్రాష్‌ను ఎంత పట్టించుకున్నాడో కనపడుతుంది.

సూటి అర్థానికి 'పెషాత్' అని పేరు. వచనం తన సూటి అర్థాన్ని ఎన్నటికీ వదులుకోదని తాల్ముదులోనే ఒక సూత్రం ఉంది. "పద్దెనిమిదేళ్లకే తాల్ముదంతా చదివేశాను, ఈ సంగతి మాత్రం ఇప్పుడే తెలిసింది" అన్నాడట రవ్ కహానా అక్కడే. 11వ శతాబ్దపు ఫ్రాన్సులో వ్యాఖ్యాత రాషీ, సూటి అర్థాన్నీ, వచనంలోని మాటలకు అతికే అగ్గదానూ మాత్రమే తీసుకుంటానన్నాడు. యూదుల పిల్లలు తరతరాలుగా బైబిల్‌తో పాటు రాషీనీ చదువుకుంటారు. ఏది వచనమో ఏది మిద్రాషో కలిసిపోయిందంటే ఆశ్చర్యమేముంది?

నేటి పరిశోధకుల్లో ఒక పక్షం గతుకే అసలు కారణమంటుంది. కాలమే కారణం, గతుకు ఒక సాకు అంటుంది ఇంకో పక్షం. "స్వరము యాకోబుది, చేతులు ఏశావువి" అన్న వచనాన్ని, రోమన్ చక్రవర్తి హేడ్రియన్ కాలంలో యూదుల కోట బేతారులో జరిగిన ఊచకోతకు అన్వయించారు రబ్బీలు. ఏశావు అంటే రోము, అరుస్తున్నది యాకోబు. 135లో బేతారు పడకపోతే ఆ వచనం అలా వినపడేది కాదు. అయితే ఆ వచనంలో గొంతూ చేతులూ వేర్వేరు మనుషులవి కాకపోయినా వినపడేది కాదు.

## యాషారు, అవాల్మీకాలు

మనకు దగ్గర పోలిక అవాల్మీకాలు. పద్నాలుగేళ్లు ఊర్మిళ ఏం చేసిందో వాల్మీకి చెప్పలేదు, మన ఆడవాళ్ల పాట ఆమెను నిద్రపుచ్చింది. కాకపోతే ఊర్మిళ నిద్రను ఏ శ్లోకంలోని ఏ మాట దగ్గర కట్టారని మనం అడగం. మిద్రాష్‌ను అడిగి తీరాలి.

ఆ ముడి వదులైన చోట గందరగోళం మొదలవుతుంది. యెహోషువ 10:13లో 'యాషారు గ్రంథం' ప్రస్తావన ఉంది. ఆ గ్రంథం మిగల్లేదు. అదే పేరుతో ఇప్పుడు చేతులు మారుతున్న హీబ్రూ పుస్తకం 1625లో వెనిస్‌లో అచ్చయింది. మిద్రాష్ కథలను వచనాల నుంచి విడదీసి, చరిత్రలా ఒక వరుసలో కూర్చిన పుస్తకం అది. అందులో కథ సాఫీగా పోతుంది, గతుకు లేదు. దాన్ని బైబిల్ పోగొట్టుకున్న గ్రంథంగా చూపిస్తే నమ్మడం తేలికవడానికి కారణం కూడా ఆ నునుపే.

ఆరాకు హద్దుందా అని అడిగితే రబ్బీలు షిమోన్ హఅమ్సూని పేరు చెబుతారు. హీబ్రూలో కర్మను సూచించే చిన్న మాట 'ఎత్'. దానికి విడిగా అర్థం లేదు. తోరాలో అది కనపడిన ప్రతిచోటా 'దీనితో పాటు ఇది కూడా' అని అర్థం చెబుతూ పోయాడాయన. "నీ దేవుడికి భయపడు" అన్న చోటికి వచ్చాడు. అక్కడా ఎత్ ఉంది. దేవుడితో పాటు ఇంకెవరికి భయపడాలి? ఆగిపోయాడు. మరి ఇన్నాళ్లూ చెప్పినవాటి సంగతేమిటని శిష్యులు అడిగారు. "ఆరా తీసినందుకు ఎంత ఫలమో, వెనక్కి తగ్గినందుకూ అంతే" అన్నాడు. ఆ ఎత్ అలాగే ఉండిపోయింది, అకీవా వచ్చేదాకా. అకీవా దానికీ అర్థం చెప్పాడు: దేవుడితో పాటు పండితులకు కూడా.

చెప్పింది పండితుడే మరి.